అరగంట ఇవ్వండి చాలు: తెలుగు టీవీ ఛానెళ్ల పెద్దలకు బహిరంగ లేఖ

ఛానెళ్ల యజమానులకు, ప్రోగ్రాములు చూసే పెద్దలకు,

నమస్కారం. నేను చీరాల వైపు ఒక డిగ్రీ కాలేజీలో చరిత్ర పాఠం చెప్పుకుని బతికేవాణ్ణి. ఇరవై రెండేళ్లుగా అదే పని. మీలో ఎవరికీ నా మొహం గుర్తుండదు గానీ, ఒకరికి మాత్రం ఉండాలి, ఎందుకంటే నాలుగేళ్ల కిందట మీలో ఒకరి స్టూడియోలో నేను ఒక నిమిషం నలభై సెకన్లు మాట్లాడాను. ఆ లెక్క నాది కాదు, మా అబ్బాయిది. వాడు ఇంట్లో టీవీ ముందు ఫోన్ పెట్టి రికార్డు చేసి, నేను తిరిగొచ్చేసరికి లెక్క కట్టి ఉంచాడు.

ఆ రోజు సాయంత్రం మూడింటికి ఫోన్. "సార్, కాకతీయుల మీద డిబేట్ పెడుతున్నాం, ఏడింటికి విజయవాడ రాగలరా?" ఎగిరి గంతేశాను, దాచుకోవడమెందుకు. మా ఆవిడ చొక్కా ఇస్త్రీ చేసిచ్చింది. నేను బీరువాలోంచి బయ్యారం చెరువు శాసనం జెరాక్సు తీసి నాలుగు మడతలు పెట్టి జేబులో పెట్టుకున్నాను. గణపతిదేవుడి చెల్లెలు మైలాంబ వేయించిన శాసనం అది, కాకతీయుల వంశవృక్షం మనకి తెలిసిందే ఎక్కువగా దాని వల్ల. దారి పొడుగునా బస్సులో వాక్యాలు కూర్చుకుంటూ పోయాను. ఎవరో కుర్రాడు నుదుటి మీద చెమట తుడిచి పౌడరు అద్దాడు, చొక్కాకి మైకు తగిలించాడు. అటొక నాయకుడు, ఇటొక నాయకుడు, ఇద్దరివీ రెండు కుల సంఘాలు, మధ్యలో నేను. అప్పటికి గానీ నాకు విషయం బోధపడలేదు, అది కాకతీయుల మీద డిబేట్ కాదు, కాకతీయులు ఎవరివాళ్లన్న దాని మీద డిబేట్.

ఇరవై నిమిషాలు వాళ్లిద్దరూ అరుచుకున్నాక యాంకరమ్మ నా వైపు తిరిగింది. "మాస్టారూ, సూటిగా ఒక్క మాటలో చెప్పండి, కాకతీయులది ఏ కులం?" నేను జేబులోంచి కాగితం తీస్తూ, "ఒక్క మాటలో వచ్చేది కాదమ్మా, వాళ్ల శాసనాల్లో చాలావాటిల్లో వర్ణం ఊసే ఉండదు, కొన్నిట్లో నాలుగో వర్ణం అని ఉంటుంది, ఒకటి రెండు చోట్ల సూర్యవంశానికి ముడిపెట్టారు, అసలు ఇవాళ్టి కులాల పేర్లు తీసుకెళ్లి ఏడొందల ఏళ్ల వెనక..." అంటున్నాను. కాగితం మడతలు ఇంకా పూర్తిగా విప్పనే లేదు. "అంటే మాస్టారు కూడా తేల్చలేకపోతున్నారు, చిన్న బ్రేక్ తీసుకుందాం." బ్రేకులో ప్లాట్ల ప్రకటన. బ్రేక్ అయ్యాక కెమెరా మళ్లీ నా మీదికి రాలేదు. కింద స్క్రోలింగ్ మాత్రం చాలాసేపు తిరిగింది, "కాకతీయుల కులంపై తేల్చని చరిత్రకారుడు" అని. మర్నాడు స్టాఫ్ రూములో నా పేరు తేల్చని మాస్టారు అయిపోయింది. ఇప్పటికీ అదే.

దీని మీద కోపంతో రాయడం లేదు. ఉంటే నాలుగేళ్ల కిందటే రాసేవాణ్ణి. ఈ మధ్య తెలిసినాయన ఒకరు మీలాంటి ఛానెల్ ఒకదాంట్లో పనిచేస్తారు, ఆయన్ని అడిగాను, "వారానికి ఒక అరగంట చరిత్ర పెట్టకూడదా, ఎవరైనా చదువుకున్నవాళ్లు వచ్చి చెప్తారు కదా" అని. ఆయన నవ్వి అన్నారు, "మాస్టారూ, ఒక మనిషి నిలబడి అరగంట మాట్లాడితే ఎవరు చూస్తారండీ? గ్రాఫిక్స్ కావాలి, డ్రోన్ షాట్లు కావాలి, గుర్రాలు కావాలి, అంత బడ్జెట్ ఎక్కడిది?" ఈ లేఖ ఆయన మాటకి జవాబు. ఆయనకి మొహమాటపడి అప్పుడు చెప్పలేదు.

ఎ.జె.పి. టేలర్ అని ఇంగ్లండులో ఒక చరిత్రకారుడు ఉండేవాడు. 1906లో లాంకషైర్‌లో నూలు వ్యాపారం చేసుకునే కలిగినవాళ్ల ఇంట పుట్టాడు. ఆక్స్‌ఫర్డ్‌లో చదివి, వియన్నా వెళ్లి పాత దస్తావేజులు తిరగేసి, 1930 నుంచి ఎనిమిదేళ్లు మాంచెస్టర్‌లో పాఠం చెప్పి, 1938లో ఆక్స్‌ఫర్డ్ మాడ్లిన్ కాలేజీకి చేరాడు. చేతిలో కాగితం లేకుండా పాఠం చెప్పడం మాంచెస్టర్‌లోనే మొదలుపెట్టాడట. ఆక్స్‌ఫర్డ్‌లో ఆయన క్లాసు పొద్దున్నే పెట్టేవాడు, కాస్త ఆలస్యంగా పెడితే హాలు పట్టదని. పొద్దున్నే క్లాసంటే మా పిల్లలు ఎంతమంది వస్తారో నాకు తెలుసు కాబట్టి ఈ ఒక్క ముక్క చదివినప్పుడు కొంచెం అసూయ పడ్డాను.

ఆయన టీవీలోకి వచ్చింది కూడా డిబేట్‌తోనే. 1950లో బీబీసీ వాళ్లు నలుగురిని కూర్చోబెట్టి వారం వారం రాజకీయాల మీద వాదించుకోమన్నారు, అందులో ఈయన ఒకడు. బాగా వాదించేవాడు, ఒకసారి మాత్రం అలిగి మిగతావాళ్లతో మాట్లాడనని కూర్చున్నాడు, పత్రికలు దాన్ని పట్టుకుని ఆడుకున్నాయి. అంటే చూశారా, చరిత్రకారుణ్ణి తీసుకొచ్చి వాదనలో కూర్చోబెట్టడం మీరు కనిపెట్టింది కాదు, వాళ్లూ అక్కడే మొదలుపెట్టారు. తేడా ఏమిటంటే వాళ్లు అక్కడే ఆగిపోలేదు.

1957లో ఏటీవీ అనే కంపెనీ ఆయన్ని పిలిచి, రష్యా విప్లవం గురించి చెప్పమంది. ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. ఏటీవీ సర్కారు సంస్థ కాదు. ప్రకటనలు అమ్ముకుని బతికే ప్రైవేటు టీవీ, అచ్చం మీలాగే. ఇంగ్లండులో అలాంటి ప్రైవేటు టీవీ మొదలయ్యిందే 1955లో, అంటే ఇంకా కాళ్లు నిలదొక్కుకుంటున్న రోజులు. ఆ కంపెనీ చేసిన పనేమిటంటే, బో టై కట్టుకున్న, యాభై దాటిన, గొప్ప అందగాడేమీ కాని ఒక మాస్టార్ని కెమెరా ముందు నిలబెట్టి వదిలేసింది. గుర్రాల్లేవు. మ్యాపుల్లేవు. వెనక సంగీతం లేదు. చేతిలో కాగితం ముక్క లేదు, ఎదురుగా చదువుకోవడానికి తెర మీద అక్షరాలు లేవు. ఆయన కెమెరా కళ్లలోకి చూస్తూ అరగంట మాట్లాడి, టైము అయ్యే వేళకి సరిగ్గా చివరి వాక్యం దగ్గరికి వచ్చి ఆపేవాడు. జనం చూశారు. ఇళ్లల్లో కూర్చుని, రాత్రి భోజనాలు చేస్తూ, లెనిన్ గురించీ జార్ గురించీ చూశారు. ఆ తర్వాత ఏటీవీకి, బీబీసీకి, చివర్లో ఛానెల్ ఫోర్‌కి, 1985 దాకా అలాంటి ప్రసంగాలు ఇస్తూనే వచ్చాడు. చివరివి ఇచ్చేనాటికి దాదాపు ఎనభై ఏళ్లు, అప్పటికే పార్కిన్సన్స్ జబ్బు పట్టుకుంది.

అది ఇంగ్లండు, వాళ్ల జనం వేరు అంటారేమో. కాదండీ. అక్కడివాళ్లకంటే మన జనానికే ఈ అలవాటు పాతది. ఒక మనిషి కూర్చుని ఏ హంగూ లేకుండా మాట్లాడుతుంటే వినడం తెలుగువాళ్లకి ఒకరు నేర్పాలా? మా నాన్న ఆదివారం మధ్యాహ్నం భోజనం చేసి రేడియో పక్కన పీట వేసుకుని కూర్చునేవాడు, విజయవాడ కేంద్రం నుంచి ఉషశ్రీ గారి భారతం కోసం. ఇంట్లో ఎవరూ గిన్నె చప్పుడు చేయకూడదు. కథ అందరికీ తెలిసిందే, ద్రౌపది చీర ఎవరు లాగుతారో మా నాయనమ్మకి నాలుగేళ్లప్పటి నుంచీ తెలుసు, అయినా ఆ గొంతు తగ్గించి "అప్పుడు ధర్మరాజు..." అని ఆగితే మా ఇంట్లో ఊపిరి తీసేవాళ్లు కాదు. గుర్రాలు అడిగామా? (టేలరూ ఉషశ్రీ గారూ ఇద్దరూ 1990లోనే పోయారు. దానికీ దీనికీ సంబంధం లేదు, నాకు తోచింది కాబట్టి రాశాను.)

ఇవాళ్టికీ మీ ఛానెళ్లలోనే పొద్దున్న ఆరింటి నుంచి ప్రవచనాలు వస్తాయి. ఒక పెద్దాయన పీట మీద కూర్చుని గంటసేపు ఒక్క శ్లోకం మీద మాట్లాడతారు, దానికి స్పాన్సర్లుంటారు, చూసేవాళ్లుంటారు, యూట్యూబులో లక్షల్లో వ్యూస్ ఉంటాయి. నేను వాటిని తక్కువ చేయడం లేదు, నేనూ వింటాను. నేనడిగేది ఒక్కటే. ఒక మనిషి మాట్లాడితే గంటసేపు వింటారని మీకు రోజూ పొద్దున్నే రుజువవుతుంటే, రాత్రి పూట మాత్రం ఎవరూ వినరని ఎలా తేల్చారు? ఇదేం లెక్కండీ?

మరి చరిత్రకారుడు టీవీలోకి వస్తే వాడి బతుకు ఏమవుతుందో అది కూడా చెప్పాలి, లేకపోతే నేను నాణేనికి ఒకవైపే చూపించినట్టు. టేలర్‌కి చాలానే అయింది. 1957లోనే, టీవీలో రష్యా విప్లవం చెప్పిన ఆ ఏడాదే, ఆక్స్‌ఫర్డ్‌లో రీజియస్ ప్రొఫెసర్ పదవి ఖాళీ అయింది. చరిత్రలో అంతకు మించిన కుర్చీ లేదు వాళ్లకి, ప్రధాని సలహా మీద రాణిగారి పేరుతో ఇచ్చేవాళ్లు. టేలర్‌కే వస్తుందని చాలామంది అనుకున్నారు. హ్యూ ట్రెవర్-రోపర్ అనే ఇంకొకాయనకి వెళ్లింది. పత్రికల్లో డబ్బుకి కాలమ్స్ రాస్తాడు, టీవీలో కనిపిస్తాడు, మన స్థాయి మనిషి కాదు అనే గుసగుస దాని వెనక ఉందని ఆ రోజుల నుంచీ చెప్పుకుంటూనే ఉన్నారు. 1963లో యూనివర్సిటీ లెక్చరర్ పదవి గడువు అయిపోతే పొడిగించలేదు. మాడ్లిన్ కాలేజీ మాత్రం 1976 దాకా వదులుకోలేదు, ఆ కాలేజీకి దండం పెట్టాలి.

మధ్యలో 1961లో రెండో ప్రపంచ యుద్ధం ఎలా వచ్చిందన్న దాని మీద ఆయన పుస్తకం వస్తే పెద్ద గొడవ. హిట్లర్ ముందుగా పథకం వేసుకుని చేసింది తక్కువ, అవకాశం దొరికినప్పుడల్లా వాడుకున్నది ఎక్కువ అన్నాడు. హిట్లర్‌ని వెనకేసుకొస్తున్నాడని విరుచుకుపడ్డారు. ఇది మీ పేరుకి చేటు చేస్తుందని ట్రెవర్-రోపర్ రాస్తే, మీరు నా మాటల్ని ఉదహరించే తీరు మీ పేరుకే చేటు చేస్తుంది, అసలు పేరంటూ ఉంటే, అని టేలర్ తిరిగి రాశాడు. ఇద్దర్నీ టీవీలో ఎదురెదురుగా కూర్చోబెట్టారు కూడా. ఇది కూడా డిబేటే. కానీ ఇద్దరూ ఆ పత్రాలు చదివినవాళ్లు. కొట్టుకున్నది ఏ పత్రాన్ని ఎలా చదవాలన్న దాని మీద. ఆ కుర్చీ ఎక్కిన ట్రెవర్-రోపర్ గారే 1983లో హిట్లర్ డైరీలు బయటపడ్డాయంటే అసలైనవేనని మొదట హామీ ఇచ్చి, అవి దొంగవని తేలాక నవ్వులపాలయ్యారు. టీవీలో కనిపించేవాడు తేలికమనిషి, కనిపించనివాడు గంభీరుడు అనుకునే మావాళ్లకి నేను ఈ కథ చెప్తుంటాను.

టేలర్ దేవుడేం కాదు. వింత మాట అని జనాన్ని ఉలిక్కిపడేలా చేయడం ఆయనకి సరదా. మొదటి ప్రపంచ యుద్ధం రైల్వే టైంటేబుళ్ల వల్ల వచ్చిందన్నాడు, అంటే సైన్యాన్ని కదిలించే ఏర్పాట్లు ఒకసారి మొదలైతే ఆపలేనంత బిగుతుగా ఉన్నాయని. అందులో నిజం ఉంది, అతి కూడా ఉంది. కానీ చెప్పింది తన పేరుతో, తన మొహంతో చెప్పాడు, కాదన్నవాళ్లు పుస్తకాలు పట్టుకొచ్చి కాదన్నారు. "చరిత్ర చెబుతోంది" అంటూ మొహం లేని గొంతొకటి వెనకనుంచి గంభీరంగా చదివే మీ ప్రత్యేక కథనాల్లో ఎవర్ని పట్టుకుని అడగాలి నేను?

యూనివర్సిటీల్లో ఉన్న మా పెద్దలకి కూడా ఇక్కడే ఒక మాట. మాస్టారూ, మనమూ తక్కువ తినలేదు. మనలో ఎవరైనా టీవీలో కనిపిస్తే వెనక నవ్వుతాం, పేపర్ రాసుకోక ఇదెందుకు వీడికి అంటాం. ఇరవై మంది చదివే పేపరుకి ఉన్న విలువ ప్రమోషన్ లెక్కల్లో ఇంకే పనికీ లేదు, అది నిజమే, కానీ మనం వదిలేసిన కుర్చీ ఖాళీగా ఉండదు కదా. వాట్సాప్ యూనివర్సిటీ అని ఎగతాళి చేస్తాం. ఆ యూనివర్సిటీలో సీట్లు నింపింది మన మౌనమే.

ఆడవాళ్లని కూడా పిలవండి. 2012లో మేరీ బియర్డ్ అనే కేంబ్రిడ్జి ప్రొఫెసర్ బీబీసీలో రోము గురించి చెప్తే, యాభై ఏడేళ్ల మనిషి, నెరిసిన జుట్టుతో, మేకప్ పట్టించుకోకుండా వస్తే, ఒక టీవీ విమర్శకుడు ఆమె చెప్పింది వదిలేసి ఆమె వాలకం మీద రాశాడు. ఆమె ఊరుకోలేదు, పత్రికలోనే గట్టిగా సమాధానం ఇచ్చింది, ఇంకా చాలా సిరీస్‌లు చేసింది. మనదగ్గర ఈ సంగతి రాగానే మేకప్ రూమే గుర్తొస్తుంది నాకు. శాసనాలు చదివే అమ్మాయిలు మా బ్యాచ్‌లోనే ముగ్గురున్నారు, మీరు వాళ్లకి ఫోన్ చేస్తే మొదట చీర రంగు గురించి మాట్లాడకండి.

సరే, ఏం చూపించమంటావు అంటారా. నల్లగొండ జిల్లా నకిరేకల్ దగ్గర చందుపట్ల అని ఊరుంది. అక్కడ ఒక రాయి. 1289 నవంబరు నాటిది. పువ్వుల ముమ్మడి అనే ఆయన కొంత భూమి దేవుడికి దానమిచ్చి, ఎందుకిచ్చాడో రాయించాడు: రుద్రమదేవికి, ఆమె సేనాని మల్లికార్జున నాయకుడికి శివలోకం కలగాలని. అంతే. యుద్ధం అని లేదు, ఎవరు చంపారని లేదు. కానీ ఈ రాయి దొరికాకే ఆమె పోయింది ఎప్పుడన్నది తేలింది, అంతకు ముందు ఇంకా కొన్నేళ్లు బతికిందనుకునేవాళ్లు. రాణీ సేనానీ ఒకేసారి పోయారంటే యుద్ధంలోనే పోయి ఉంటారని, ఆ రోజుల్లో ఆమె మీద తిరగబడ్డ సామంతుడు అంబదేవుడే కారణమై ఉంటాడని చరిత్రకారులు ఊహించారు, త్రిపురాంతకంలో అతని శాసనం చెప్పుకునే విజయాల జాబితా పక్కన పెట్టి చూసి. రాయి మీద ఉన్నది ఇంత, మనం కలుపుకున్నది ఇంత, అని రెండు చేతులూ విడివిడిగా చూపించి చెప్పండి, జనం సీరియల్ చూసినట్టు చూస్తారు. హంతకుడెవరన్న కథకంటే ఏం కావాలి మీకు?

లేదంటే మాకు దగ్గర్లోనే మోటుపల్లి. సముద్రం ఒడ్డున వీరభద్రుడి గుడి, అందులో గణపతిదేవుడి అభయ శాసనం ఉన్న స్తంభం, 1244-45 నాటిది. ఓడ గాలివానకి పగిలి సరుకు ఒడ్డుకి కొట్టుకొస్తే అంతకు ముందు రాజులు మొత్తం లాక్కునేవాళ్లు. ప్రాణం కంటే ధనమే ఎక్కువ అనుకుని సముద్రం మీదికి వెళ్లే వర్తకులు కదా పాపం, వాళ్ల మీద దయతో మేము నిర్ణయించిన సుంకం తప్ప ఏమీ తీసుకోం, అని రాజు రాయించాడు. దయ ఎంతో, వ్యాపారం తన రేవుకి రావాలన్న లెక్క ఎంతో మీరే ఆలోచించుకోండి అని చెప్పి ఆ స్తంభం పక్కన నిలబడితే చాలు. ఈ రేవు బట్టల గురించి మార్కో పోలో సాలెగూడంత సన్నం అని రాశాడు. ఆ పక్కనే చీరాలలో ఇవాళ మగ్గాలున్నాయి, కెమెరా తిప్పితే కనిపిస్తాయి. డ్రోన్ అక్కర్లేదు, ఆటోలో వెళ్లొచ్చు.

నా షరతులు పెద్దవి కావు. ఆదివారం రాత్రి అరగంట, పదమూడు వారాలు. మనిషి మాట్లాడుతుంటే వెనక డప్పులు వాయించకండి. ఇంతవరకే తెలుసు అని చెప్పే హక్కు ఇవ్వండి, దాన్ని స్క్రోలింగ్‌లో "తేల్చలేదు" అని వేయకండి. ఏదో సంఘం వాళ్లు ఫోన్ చేసి బెదిరిస్తే ఎపిసోడ్ ఎత్తేయకుండా వాళ్లనీ పిలిచి, వాళ్ల దగ్గరున్న ఆధారం చూపించమనండి. బస్సు చార్జీలతో సరిపెట్టకుండా కొంచెం డబ్బు కూడా ఇవ్వండి, టేలర్ డబ్బుకే చేశాడు, దాచుకోలేదు కూడా. నన్నే పెట్టమనడం లేదు, నాకంటే బాగా చెప్పేవాళ్లు రెండు రాష్ట్రాల్లో బోలెడంతమంది ఉన్నారు, చాలామంది రిటైరై ఇంట్లో కూర్చున్నారు.

అయినా ఒక మాట ఒప్పుకుంటాను. చందుపట్ల ఎపిసోడ్ నేను తయారు చేసిపెట్టుకున్నాను. కాగితం లేకుండా ఇరవై ఎనిమిది నిమిషాలు. పోయిన ఆదివారం వంటింటి గుమ్మంలో నిలబడి మా ఆవిడకి చెప్పాను. మొదటిసారి ఆమె ఉల్లిపాయలు తరుగుతూనే ఉంది, పది నిమిషాలకి "కొంచెం తప్పుకోండి, కుక్కర్ దించాలి" అంది. అలిగి వెళ్లి, వంశవృక్షం మొత్తం తీసేసి, నేరుగా రాయి దగ్గర మొదలుపెట్టి, సాయంత్రం మళ్లీ చెప్పాను. ఈసారి మల్లికార్జున నాయకుడి పేరు వచ్చేసరికి పొయ్యి కట్టేసి వచ్చి పీట మీద కూర్చుంది. "అయితే చంపింది ఎవరు?" అంది. రాయి మీద లేదన్నాను. "మరి ఇంకో రాయి మీద ఉందేమో చూడకపోయారా" అంది.

ఇట్లు,
తేల్చని మాస్టారు,
చీరాల